పావు, అరపావు

ఆ ఆదివారం ఉదయం ఇంట్లో ఉన్నది ఐదుగురు. ముందుగదిలో కిటికీ పక్క మంచం మీద నాయనమ్మ. వంటింట్లో అమ్మ. పెరట్లో కుళాయి దగ్గర అక్క. ఉయ్యాలలో అక్క కూతురు, మూడు నెలల పాప. వరండా మెట్టు మీద లెక్కల పుస్తకం ముందేసుకుని పిల్లి. నాన్న తెల్లవారకముందే బస్సు డ్యూటీకి వెళ్ళిపోయాడు.

పిల్లి అంటే నాలుగు కాళ్ళది కాదు. ఇంటి చిన్నమ్మాయి. పదమూడేళ్ళు, ఏడో తరగతి. నడిస్తే చప్పుడుండదు, మాట్లాడితే వినపడదు, అందుకని నాన్న పెట్టిన పేరు. బడిలో టీచరమ్మ ఏదైనా అడిగితే లేచి నిలబడి తన జడకి జవాబు చెప్పుకునేది. "జడకి తెలిసిందిలే, కాస్త మాకూ చెప్పు" అనేది టీచరమ్మ. తరగతంతా నవ్వేది. ఇంట్లోనూ అంతే. ఆమె ఏదైనా అడగడానికి నోరు తెరిచేలోపు ఎవరో ఒకరు "మ్యావ్" అనేవారు. ఎక్కువగా అక్కే.

"ఏమే పిల్లీ, నీ సబ్బు చూశావా?" అని వంటింట్లోంచి అమ్మ పిలిచింది. "పొద్దున కోశాను. నాక్కూడా ఎప్పుడూ ఇంత తెల్లగా రాలేదు. కాస్త పెళుసుగా ఉంది, చాకు పెట్టగానే పెంకుల్లా విరిగింది. చలికి అంతేలే. మొదటిసారికి అదే ఎక్కువ."

పిల్లి తలొంచుకుని నవ్వుకుంది. అమ్మ మెచ్చుకోవడం అంటే ఎండాకాలంలో వాన లాంటిది.

వాళ్ళది సబ్బులు చేసే ఇల్లు. నాయనమ్మ మొదలుపెట్టింది, ఆమె కళ్ళు మసకబారాక అమ్మ అందుకుంది. వెనక గదిలో నూనె డబ్బాలు, కాస్టిక్ సోడా ప్యాకెట్లు, చెక్క అచ్చు, కాటా, గోడకి అలమర. చేసిన సబ్బు నెలరోజులు అలమరలో ఆరాలి, అప్పుడే ఒంటికి పనికొస్తుంది. లాడ్జి ఒకటి, దుకాణాలు రెండు ఎప్పుడూ వీళ్ళ దగ్గరే తీసుకుంటాయి.

ముందురోజు అమ్మ సబ్బులు ఇచ్చి రావడానికి పక్క ఊరు వెళ్ళింది. తిరిగొచ్చే దారిలో బస్సు చెడిపోయింది. మధ్యాహ్నం అక్క, పాప నిద్రపోతుంటే ఫోన్ మోగింది. చుట్టూ హారన్ల మోత, మధ్యలో అమ్మ గొంతు.

"పిల్లీ, నూనె కరిగించి పెట్టొచ్చానే. నేనొచ్చేసరికి మళ్ళీ గడ్డకడుతుంది. నువ్వే కలిపెయ్యి, ఎన్నిసార్లు చూడలేదు? తొడుగులు, కళ్ళద్దాలు మర్చిపోకు. నీళ్ళలో సోడా వెయ్యాలి, సోడాలో నీళ్ళు పోయకూడదు. మూడు కిలోల నూనె ఉంది. సోడా పావు, అరపావు. విన్నావా?"

"ఊఁ" అంది పిల్లి. ఫోన్ కట్టయింది.

పావు, అరపావు. ఆమెకి ఆ క్షణంలో భయం బదులు చిన్న గర్వం కలిగింది. ఎందుకంటే అది ఆ వారమే నేర్చుకున్న పాఠం. అంతకుముందు ఆమె సగానికి మూడో వంతు కలపమంటే పైవి పైవి, కిందవి కిందవి కలిపేసి ఐదింట రెండు అని రాసేది. టీచరమ్మ పుస్తకం చూసి, "సగం గ్లాసు నీళ్ళున్నాయి తల్లీ. అందులో ఇంకా నీళ్ళు పోస్తే సగం కన్నా తగ్గిపోతాయా?" అని అడిగింది. అప్పుడు వెలిగింది. కింది అంకెలు ఒకటి కాకుండా పై అంకెలు కలపకూడదు. ముందు అన్నిటినీ ఒకే కొలతలోకి తేవాలి.

అందుకే ఆమె ఫోన్ పక్కన పెట్టి, ఒక కాగితం మీద పద్ధతిగా రాసింది. పావు అంటే నాలుగింట ఒకటి. అర అంటే నాలుగింట రెండు. మళ్ళీ పావు, నాలుగింట ఒకటి. మొత్తం నాలుగింట నాలుగు. ఒక కిలో. సోడా ప్యాకెట్ చూస్తే సరిగ్గా ఒక కిలో. లెక్క అంత చక్కగా తేలితే ఇంకా అనుమానం ఎందుకు? పుస్తకంలో చక్కగా తేలిన లెక్కలన్నీ సరైనవే.

ప్యాకెట్ మొత్తం నీళ్ళలో వేసింది. గిన్నె ముట్టుకోలేనంత కాలిపోయింది. ఘాటైన ఆవిరి లేచి ముందుగదిలో నాయనమ్మ దగ్గింది. అమ్మ చేసేటప్పుడూ ఆవిరి వస్తుంది కదా అనుకుంది పిల్లి. పక్కగదిలోకి నాలుగడుగులు వేసి నాయనమ్మని ఒక్క మాట అడిగి ఉంటే సరిపోయేది. ఆ నాలుగడుగులు ఆమె వేయలేదు. ఆ సోడా నీళ్ళు నూనెలో కలిపి అచ్చులో పోసేసింది.

ఇప్పుడు ఆదివారం ఉదయం, వరండాలో పదో లెక్క దగ్గర ఆగింది. ఒకామె ఎనిమిదింట ఒక వంతు కిలో, మళ్ళీ నాలుగింట ఒక వంతు కిలో బెల్లం కొన్నది. మొత్తం ఎంత? పెదాలు కదుపుతూ చదువుకుంటోంది.

"అదేదో బయటికే చదువు. నాకూ పొద్దుపోవాలి" అంది కిటికీలోంచి నాయనమ్మ.

పిల్లి చదివింది. నాయనమ్మ బోసినోటితో నవ్వింది.

"దానికింత బారెడు మాటలెందుకే? అరపావు, పావు కొన్నది అంటే పోదూ?"

పిల్లి కలం ఆగింది. "అరపావు అంటే అర, పావు కదా నాయనమ్మా? అర ఎక్కడుంది ఇందులో?"

"అయ్యో నా తల్లీ. అర, పావు కలిస్తే ముప్పావు. దానికో పేరుండగా ఇంకో పేరెందుకు పెడతారు? అరపావు అంటే పావులో సగం. ఎనిమిదో వంతు. సోడా ఎప్పుడూ అదే కొలత మనకి, కిలో నూనెకి అరపావు."

పిల్లికి ఆ తర్వాత నాయనమ్మ ఏమందో వినపడలేదు. చెయ్యి దానంతటదే పుస్తకం అంచున లెక్క వేసింది. పావు అంటే ఎనిమిదింట రెండు. అరపావు ఎనిమిదింట ఒకటి. ఎనిమిదింట మూడు. అమ్మ వెయ్యమన్నది ఎనిమిదింట మూడు. ఆమె వేసింది ఎనిమిదింట ఎనిమిది.

మిగిలిన ఐదు భాగాల సోడా ఎక్కడుంది? నూనెతో కలవడానికి దానికి నూనె లేదు. అది సోడాగానే ఉంటుంది. ఆ తెల్లటి, అమ్మ మెచ్చుకున్న సబ్బులో కూర్చుని ఉంటుంది. సోడా పలుకు ఒకటి పడితే అమ్మ మోచేతి మీద ఏమైందో పిల్లి చూసింది. ఆ మచ్చ ఇప్పటికీ ఉంది.

లోపల పాప మళ్ళీ ఏడుపు మొదలుపెట్టింది.

చెప్పాలి. ఇప్పుడే చెప్పాలి. కానీ తేలు కుట్టిన దొంగలా అలాగే కూర్చుండిపోయింది. నెలరోజుల దాకా ఎవరూ వాడరు కదా అని ఒక మనసు. నెమ్మదిగా సాయంత్రం, అమ్మ ఒక్కతే ఉన్నప్పుడు చెప్పొచ్చు కదా. ఒకసారి చూసొద్దామని లేచి వెనక గదిలోకి వెళ్ళింది. అలమరలో పై అరలో తెల్లటి పెంకులు పేర్చి ఉన్నాయి. ముట్టుకోవడానికి చెయ్యి రాలేదు. అయితే ఆమె అచ్చు నిండా పోసింది. ఇక్కడున్నది సగమే.

పిల్లి వంటింటి వైపు నడిచింది.

వంటింట్లో అమ్మకీ అక్కకీ మాట పెరుగుతోంది. అక్క చంకలో పాప ఒళ్ళు విరుచుకుని ఏడుస్తోంది.

"గంట నుంచి ఇదే గోల. పాలు పడలేదేమో" అంటోంది అమ్మ.

"పాలు కాదు, ఈ ఇల్లు. ఎప్పుడు చూసినా సోడా వాసన. ఆయన ముందే అన్నారు, చిన్నపిల్లతో అక్కడ ఎన్నాళ్ళుంటావని."

"నిన్ను పెంచింది ఏ రాజభవనంలోనే? ఈ వాసనలోనే పెరిగావు. పొడుగ్గానే ఉన్నావు."

"అమ్మా" అంది పిల్లి గుమ్మంలోంచి.

"నా సంగతి వేరు. ఇప్పుడు నాకో పిల్ల ఉంది."

"అమ్మా."

"మ్యావ్" అంది అక్క, అటు చూడకుండానే.

"ఉండవే పిల్లీ, ఒక్క నిమిషం."

"అమ్మా, నిన్నటి సబ్బు ఎక్కడ పెట్టావు?"

"ఎక్కడికి పోతుంది? సగం అలమరలో పెట్టాను, మూడో వంతు పెట్టెలో వేసి మేడ మీద గాలికి ఉంచాను. అంతా భద్రంగానే ఉంది. నీ సబ్బుని దొంగలెత్తుకుపోలేదులే."

సగం, మూడో వంతు. ఆమె తలలో ఆ రెండూ వాటంతటవే ఒక కొలతలోకి వచ్చేశాయి. ఆరింట మూడు. ఆరింట రెండు. ఆరింట ఐదు.

"అంతా లేదు."

ఆ గొంతు ఎవరిదో అన్నట్టు అమ్మ, అక్క ఇద్దరూ తిరిగి చూశారు. పాప కూడా క్షణం ఆగింది.

"సగం, మూడో వంతు కలిస్తే మొత్తం కాదమ్మా. ఆరో వంతు తక్కువుంది. అదెక్కడుంది?"

"ఏమైందే నీకు? నలిగిపోయిన ముక్కలుంటే బట్టలకి పనికొస్తాయని కుళాయి దగ్గర గిన్నెలో వేశాను. ఎప్పుడూ వేసేదే కదా."

"అవునే, పొద్దున పాప గుడ్డలన్నీ దాంతోనే ఉతికాను" అంది అక్క. అని, కుడి అరచెయ్యి తిప్పి చూసుకుంది. వేళ్ళ మధ్య ఎర్రగా కందిపోయి ఉంది. "చన్నీళ్ళకి మండుతోందనుకున్నా."

"సోడా కిలో వేశానమ్మా" అంది పిల్లి. "అరపావు అంటే అర, పావు అనుకున్నాను. ప్యాకెట్ మొత్తం వేశాను."

అమ్మ ముఖంలో రంగు పోయింది. అక్క చంకలోంచి పాపని లాక్కున్నట్టే తీసుకుని, నడుముకి చుట్టిన గుడ్డ విప్పి దూరంగా విసిరింది. పొద్దున ఉతికి, ఎండ తగలగానే తీసి చుట్టిన గుడ్డ. పాప తొడలు, పొట్ట కింద భాగం ఎర్రగా, ఎవరో గట్టిగా గిల్లి వదిలినట్టు ఉన్నాయి.

"కుళాయి తిప్పు. రుద్దకు, రుద్దకు. నీళ్ళు పారనివ్వు, అంతే."

పిల్లి కుళాయి తిప్పింది. నీళ్ళు పాప మీదుగా పారుతూనే ఉన్నాయి. పాప ఏడుస్తూనే ఉంది. అక్క ఏడవడం లేదు, పళ్ళు టకటక కొట్టుకుంటున్నాయి. నాయనమ్మ మంచం మీంచి "ఏమైందే, ఎవరికి ఏమైందే" అని అడుగుతోంది. పిల్లి మనసులో లెక్కపెట్టుకుంటోంది. అరవై. నూట ఇరవై. లెక్కపెట్టడం ఆపితే ఏదో జరిగిపోతుందని భయం. అమ్మ చాలు అనేసరికి ఆమె తొమ్మిది వందలు దాటింది.

వీధి చివర ఆసుపత్రిలో డాక్టరమ్మ ఒక్కతే ఉంది. పాపని బల్ల మీద పడుకోబెట్టి, "ఏం తగిలింది?" అని అడిగింది.

అమ్మ పాప నుదురు నిమురుతోంది. అక్క పాప పాదాలు పట్టుకుని నిలబడిపోయింది. మామూలుగా అయితే పిల్లి తలుపు వెనక ఉండేది.

"సబ్బులో కాస్టిక్ సోడా ఎక్కువైంది" అంది. "ఎనిమిదింట మూడు వంతుల కిలో వెయ్యాలి. నేను కిలో వేశాను. ఆ సబ్బుతో గుడ్డలు ఉతికారు. ఆ గుడ్డ గంటసేపు ఒంటి మీద ఉంది. పావుగంట నీళ్ళు పోశాం."

డాక్టరమ్మ ఆమె వైపు ఒకసారి చూసి, పాప మీదికి వంగింది. ఆ గది గోడకున్న గడియారం ముల్లు ఎంత చప్పుడు చేస్తుందో పిల్లికి అప్పుడే తెలిసింది.

"పైపైనే ఉంది" అంది చివరికి. "రెండు మూడు రోజుల్లో తగ్గిపోతుంది. తొందరగా కడగబట్టి సరిపోయింది. ఇంకో గంట అలాగే ఉంచి ఉంటే బొబ్బలెక్కేవి. ఏదీ, నీ చేతులు కూడా చూపించమ్మా" అని అక్క వైపు తిరిగింది.

ఇంటికి వచ్చేశారు. గుమ్మంలో అడుగుపెట్టగానే అక్క పాపని పడుకోబెట్టి, బట్టల అలమర తలుపు తెరిచి, బ్యాగు మంచం మీద పడేసి బట్టలు కుక్కడం మొదలుపెట్టింది. కట్టు కట్టిన చేతులతో జిప్పు పట్టు దొరకడం లేదు.

"ఎక్కడికే?" అంది అమ్మ.

"మా ఇంటికి. ఇక్కడ నేనొక్క పూట ఉండను." గుమ్మంలో నిలబడ్డ పిల్లి వైపు తిరిగింది. "నీకేం చేశానే నేను? నా పిల్ల నీకేం చేసింది?"

"దాన్నేమనకు" అంది అమ్మ. "చిన్నపిల్ల చేతికి సోడా ఇవ్వడం నా తప్పు. గ్రాముల్లో చెప్పకపోవడం నా తప్పు. నా నోటికి అరపావు అని వచ్చేసింది. మా అత్తగారు నాకు అలాగే చెప్పింది, నేను దానికి అలాగే చెప్పాను. దానికి తెలుసో లేదో అడగలేదు."

"నువ్వు అడగలేదు, సరే. అది అడగొచ్చుగా. పక్కగదిలో నాయనమ్మ ఉంది. నేనున్నాను, లేపొచ్చు. అంత పెద్ద ప్యాకెట్ ఒంపేటప్పుడు ఒక్క మాట అడగడానికి నోరు రాలేదా నీకు? ఏం, అడిగితే ఎవరైనా కొరుకుతారా?"

"నవ్వుతారు" అంది పిల్లి.

"ఏంటి?"

"అడిగితే నవ్వుతారు. నువ్వు మ్యావ్ అంటావు. మొన్న ముప్పావు అంటే ఎంత అని అడిగితే ఏడో తరగతి వెలగబెట్టావని నాయనమ్మ నవ్వింది. నాన్నకి చెబితే నాన్నా నవ్వాడు. కోపంతో కాదు, నాకు తెలుసు. అయినా నాకు ఇక్కడ..." గొంతు దగ్గర చెయ్యి పెట్టుకుంది. "ఇక్కడ పట్టేస్తుంది. అందుకే అడగలేదు. పొద్దున తెలిశాక కూడా వెంటనే చెప్పలేదు అక్కా. కాసేపు మెట్టు మీద కూర్చున్నాను. పాప ఏడుస్తోంటే విన్నాను. సాయంత్రం చెబుదామనుకున్నాను."

అది చెప్పాక ఆమెకి ఏడుపు వచ్చింది. చప్పుడు లేకుండా కాదు, ముక్కు కారేంత గట్టిగా, చిన్నపిల్లలా ఏడ్చింది.

అక్క చేతిలో మడత పెట్టిన చీర అలాగే ఉండిపోయింది. వంటింట్లో తను మ్యావ్ అన్నది ఆమెకి గుర్తొచ్చినట్టుంది. ఆ ఒక్క మాటకే ఈ పిల్ల ఆగిపోయి, తిరిగి మెట్టు మీదికి వెళ్ళిపోయి ఉంటే? కింది పెదవి కొరుక్కుని మంచం అంచున కూర్చుంది. బ్యాగులో బట్టలు బయటికి తీయలేదు, లోపలికీ కుక్కలేదు.

"నా నవ్వు మండా" అంది ముందుగదిలోంచి నాయనమ్మ. "పళ్ళు పోయినా నవ్వు పోలేదు నాకు."

ఎవరూ నవ్వలేదు. అమ్మ పిల్లిని దగ్గరికి లాక్కుని కొంగుతో ముక్కు తుడిచింది.

ఆ సాయంత్రం అమ్మ ఆ సబ్బు మొత్తం డ్రమ్ములో వేసి మూత బిగించింది. అలమరలోది, పెట్టెలోది, గిన్నెలోది. గుడ్డలన్నీ పారేసింది. అక్క ఆ రాత్రికి ఉండిపోయింది, పాపని కదిలించకూడదని చెప్పి. మర్నాడూ అదే చెప్పింది. చెల్లెలితో మాత్రం మాట్లాడలేదు. పిల్లి పాప ఉన్న గదిలోకి వెళ్ళలేదు. బయటి నుంచే చెవి పెట్టి, ఊపిరి వినపడుతోందో లేదో చూసుకుని వెళ్ళేది. ఏ వస్తువు ముట్టుకున్నా ముందు చేతులు కడుక్కునేది, తర్వాతా కడుక్కునేది.

మూడో రోజు మధ్యాహ్నం అమ్మ మూడు కిలోల నూనె కరిగించింది. లాడ్జి వాళ్ళకి మాట ఇచ్చేసింది మరి. కాటా, కొత్త సోడా ప్యాకెట్, తొడుగులు బల్ల మీద పెట్టి పిల్లిని పిలిచింది.

"నువ్వు కలుపు."

పిల్లి గోడకి అంటుకుపోయింది. "నా వల్ల కాదమ్మా. నేనింక ఆ గదిలోకి రాను."

"కాటా మీద ఎంత చూపిస్తోందో చదువుతూ వెయ్యి. నేనూ ఇక్కడే ఉంటాను. ఇవాళ ముట్టుకోకపోతే ఇంకెప్పుడూ ముట్టుకోవు. భయపడు, తప్పు లేదు. నేనూ ఇన్నేళ్ళుగా భయపడుతూనే కలుపుతున్నాను. సోడా అంటే భయం లేనివాళ్ళ చేతే కలిపించకూడదు."

పిల్లి కదల్లేదు. తన వేళ్ళకి ఆ తొడుగులు ఎక్కవనిపించింది.

వెనక అడుగుల చప్పుడైంది. అక్క. భుజం మీద పాప నిద్రపోతోంది, తొడల మీద ఎరుపు తగ్గి లేత గులాబీ రంగు మిగిలింది. అక్క గుమ్మం దాటి లోపలికి రాలేదు. రెండు రోజుల తర్వాత మొదటిసారి చెల్లెలి కళ్ళలోకి చూసింది.

"ఎంత వెయ్యాలి?" అని అడిగింది.

పిల్లి పెదాలు కదిలాయి.

"నాకు వినపడలేదు. నిద్రపోతున్న పిల్లని ఎత్తుకుని నిలబడ్డాను, ఊరికే అడగడం లేదు. పావుకి అరపావు కలిస్తే ఎంత?"

"ఎనిమిదింట మూడు" అంది పిల్లి. "మూడు వందల డెబ్బై అయిదు గ్రాములు."

"మళ్ళీ చెప్పు."

"మూడు వందల డెబ్బై అయిదు."

పాప ఉలిక్కిపడి కళ్ళు తెరిచింది. అక్క జోకొట్టి మళ్ళీ భుజానికి ఆనించుకుంది.

"అనుమానం వస్తే ఆపి అడుగు" అంది. "అమ్మని అడుగు, నన్ను పిలువు. పదిసార్లు పిలువు. నేనీ గోడ పక్కనే కూర్చుంటాను. నవ్వను."

పిల్లి తొడుగులు అందుకుంది. ఒక వేలు ఇంకో వేలి గూటిలోకి పోయింది, తీసి మళ్ళీ వేసుకుంది. కళ్ళద్దాలు పెట్టుకుంది. కాటా మీద ఖాళీ గిన్నె పెట్టి సున్నా వచ్చేదాకా చూసింది. ప్యాకెట్ అంచు కత్తిరిస్తుంటే కత్తెర చప్పుడు గదంతా వినిపించింది.

"ఆవిరి పాపకి తగలకూడదు" అంది అక్క. పాప తల చేత్తో కప్పి, ఇంకో చేత్తో తలుపు రెక్క దగ్గరికి లాగి, లోపల అమ్మనీ చెల్లెలినీ ఉంచి వేసేసి, గోడ పక్కనే కూర్చుంది.